ఏడో మీట

ఫెల్గైరాస్‌లో పొద్దుటి నుంచీ వాన.
ఎర్మెలిందా గారి కార్ఖానా మేడమీద
తోలు వాసన, జిగురు వాసన, కాఫీ వాసన
ఒకదాన్నొకటి తోసుకుంటున్నాయి.

కొత్త కంప్యూటర్ నేనే మోసుకొచ్చాను.
పాతది నిన్న కాలిపోయింది, చిన్న పొగ, అంతే.
కొత్తదాన్ని వెనక్కి తిప్పి చూసిందావిడ,
గుర్రాన్ని కొనేవాళ్ళు పళ్ళు చూసినట్టు.
"మరి దీన్నెక్కడ గుచ్చాలి?"

అరచేతిలో అగ్గిపెట్టెంత దిమ్మ.
ఇరవై అయిదు సూదులు, రెండు మరలు,
ఏ వైపు పైకుండాలో మరిచిపోకుండా
ఎప్పుడో పెట్టిన ఎర్రటి గోళ్ళరంగు చుక్క.
తొంభై ఎనిమిదిలో, ఎస్కుదోలు ఇంకా చెల్లే రోజుల్లో,
కారు కోసం దాచిన డబ్బుతో కొన్నది.
కొన్నది దిమ్మను కాదు, సాఫ్ట్‌వేర్‌ను.
దిమ్మ ఊరికే,
"ఔను, ఈవిడ డబ్బు కట్టింది" అని చెప్పడానికి.

చెప్పడమే దాని పని.
అందులో ఒక్క చెప్పూ లేదు.
ముప్పై అయిదో సైజు నుంచి నలభై ఒకటి దాకా
మడమ ఎంత పెరగాలి, బొటనవేలికి ఎంత చోటు వదలాలి,
ఆ లెక్కలన్నీ ఆవిడవి.
లెక్కలున్న గదికి గడియ మాత్రం ఇది.

ముందు ఒక అడాప్టర్ తెచ్చాను.
సూదులు కలిపింది గానీ మాట కలపలేదు,
ప్రింటర్ అయితేనే పలుకుతానంది.
పోర్టో నుంచి కార్డు తెప్పించి
పెట్టె విప్పి బిగించాను.
దిమ్మ కుదురుగా కూచుంది, ఎర్రచుక్క పైకి పెట్టుకుని.
అయినా తలుపు తెరుచుకోలేదు.

దేవుడు వరమిచ్చినా పూజారి ఇవ్వడంటారే,
ఆ పూజారి పేరు డ్రైవర్.
చివరి సీడీలో దొరికాడు, పాతకాలం మనిషి.
కొత్త కంప్యూటర్ గుమ్మంలోనే ఆపేసింది:
ఈ డ్రైవర్ మీద నమ్మదగిన సంతకం లేదు.

"ఎవరి సంతకం కావాలట?"
కంపెనీది, అన్నాను. విజేవానోలో ఉండేది.
ఫోన్ చేసింది. పళ్ళ డాక్టరు ఎత్తాడు.
ఆ నంబరు తనకొచ్చి తొమ్మిదేళ్ళయిందట.
"పోనీ ఆయన్ని పెట్టమను" అని నవ్వి,
నవ్వు ఆపి,
"నేను పెడతాను. ప్రతి నమూనా వెనకా నాదే కదా సంతకం,
నలభై ఏళ్ళుగా. ఎక్కడ పెట్టాలో చూపించు."

చూపించడానికి చోటు లేదు.
కొత్త కంప్యూటర్లకు
చేతిరాత చదవడం రాదని ఎలా చెప్పను?

చివరికి దొడ్డిదారి.
నెట్ తీగ పీకేశాను.
కాపలా వాణ్ణి కాసేపు నిద్రపుచ్చే నీలంరంగు తెర,
అందులో వరసగా అంకెలు.
ఏడు నొక్కాలి. ఇవాళే కాదు,
ఆర్పి వెలిగించిన ప్రతిసారీ.
ఇది మంచి పద్ధతి కాదండీ, అన్నాను.
వినలేదు. అప్పటికే తెర మీద
బూడిదరంగు కిటికీ తెరుచుకుంది,
మూల ఆవిడ పేరు, ఒక అక్షరం తప్పుతో,
ఇరవై ఆరేళ్ళుగా ఎవరూ దిద్దని తప్పుతో.

ఆవిడ కళ్ళు తుడుచుకుంటుందనుకున్నాను.
చేతులు తుడుచుకుంది.
"అట్ట తేండి, ఉన్నదంతా" అని కిందికి కేకేసింది.
సాయంత్రం దాకా కోత యంత్రం ఆగలేదు.
నలభై మూడు నమూనాలు, అన్ని సైజులూ,
దారం కట్టి మేకులకు వేలాడదీశారు.
అట్టను కత్తెర ఏమీ అడగదు.

మొన్న ఫిబ్రవరిలో మళ్ళీ వెళ్ళాను, వేరే పనిమీద.
కంప్యూటర్ మీద సన్నగా తోలుపొడి.
వాడుతున్నారా అంటే, "ఉంది" అంది, అంతే.
పైన గోడకు ఒక అట్టముక్క,
దానిమీద పెద్దగా ఏడు.
కింద ఆవిడ సంతకం, తేదీతో సహా.